డబ్బా మీద దొర

సోమవారం. పైన యాభై రెండు డిగ్రీలు. హాజరు పూర్తి.

ఈ లాగ్‌లో సొంత గోడు రాయకూడదని మా సూపరింటెండెంట్ మాణిక్యం గారు మొదట్లోనే చెప్పారు. చెప్పారే గానీ, ఇంతవరకూ ఒక్కసారి కూడా దీన్ని తెరిచి చూడలేదు. కాబట్టి రాస్తున్నాను.

నా పేరు ఉరుకుందమ్మ. ఏడో వరుసకు హాజరు చూస్తాను. ఎండలకు పైన బతకలేక రాతి గనిలోకి దిగిన ఊరు మాది. అందులో అన్నిటికన్నా అడుగున ఉండేది ఏడో వరుస. మొదటి వరుసవాళ్లకు పెద్ద గొట్టంలోంచి కాస్త పగటి వెలుగు పడుతుంది. మాకు ట్యూబులైటే సూర్యుడు. మా వరుస చివరి గోడకు అవతల పులుపు గది ఉంది. ఊరంతా తినే దోసెల పిండి అక్కడి ట్యాంకుల్లోనే పులుస్తుంది.

పొద్దున్నే ఇంటికొకరు తమ ముఖం ఫోటో తీసి హాజరు గోడకు పంపాలి. గోడంటే మా వరుస మెట్ల పక్క ఆఫీసులో ఉండే పెద్ద తెర. నేను ఒక్కొక్క ముఖమే చూసి, ఎవరైనా నలతగా కనిపిస్తే వెళ్లి తలుపు తట్టాలి. ఒంటరిగా ఉండే ఒకాయన పోయిన సంగతి వాసన వచ్చేదాకా ఎవరికీ తెలియకపోవడంతో పెట్టిన పద్ధతి ఇది.

ఈరోజు నా ముఖమే నాకు చూపించబుద్ధి కాలేదు. మా ఆయన మద్దిలేటి పైన సోలార్ పలకలు తుడిచే పనికి వెళ్లాడు. ఫోన్‌లో గొడవపడ్డాం. ఏడ్చి కళ్లు ఉబ్బిపోయాయి. అందుకని మా కుక్క దొర ముఖం పంపాను.

దొర ఎర్రటి నాటు కుక్క. ఒక చెవి మడిచి ఉంటుంది. ఈ మధ్య కొత్త అలవాటు చేసుకున్నాడు. పీట ఎక్కి, నీళ్ల డ్రమ్ము అంచు మీద గడ్డం ఆనించి, కళ్లు సగం మూసి, నాలుక చివర కాస్త బయటపెట్టి కూర్చుంటాడు. పెళ్లిలో భోజనాలు ఇంకా ఆలస్యమని విన్న పెద్దమనిషిలా ఉంటాడు. ఆ ఫోటో కింద “సరేలే, ఉన్నాం” అని రాసి పంపాను.

బుధవారం. పైన యాభై రెండు. హాజరు పూర్తి.

పక్కింటి ఈరన్న కూడా ఈరోజు దొర ముఖమే పంపాడు. పోయి అడిగాను.

“నిన్న రాత్రి డ్యూటీ చేసొచ్చినాను గదక్కా, నా ముఖం సూస్తే నువ్వే జడుసుకుంటావు. దొరోడిది బాగుండాది. ఉండామని చెప్పనీకి ఎవరి ముఖమైతే ఏముండాది?” అన్నాడు.

నవ్వొచ్చింది. వదిలేశాను.

ఆదివారం. పైన యాభై మూడు. హాజరు పూర్తి.

వరుసలో సగం ఇళ్లు దొర ముఖమే పంపాయి. మాణిక్యం గారికి ఫిర్యాదు చేస్తే ఆయనా నవ్వారు. “రూల్లో ముఖం అని ఉంది గానీ మనిషి ముఖం అని లేదుగా ఉరుకుందమ్మా. జనం సంతోషంగా ఉన్నారు. పోనీలే” అన్నారు. కాసేపటికి నా ఫోన్‌కు ఆయన దగ్గర్నుంచే దొర ముఖం వచ్చింది. కింద “సరేలే, సంతకం పెడతాం” అని ఉంది.

నా కుక్కే నా ఉద్యోగానికి ఎసరు పెట్టాడు.

దొర ఇప్పుడు పీట మీద కూర్చోవడం లేదు. పీట మీంచి డ్రమ్ము మూత మీదికి ఎక్కుతున్నాడు. ఎక్కి, కిటికీ చువ్వకు గడ్డం ఆనిస్తున్నాడు. ఆ ఫోటో ఇంకా బాగా వచ్చింది. అడిగినవాళ్లందరికీ పంపాను.

గురువారం. పైన యాభై మూడు. హాజరు పూర్తి.

ఊళ్ల నెట్‌లో ఎక్కడ చూసినా దొరే. అనంతపురం దగ్గరి నేల కింది ఊళ్లలో, సముద్రం మీద తేలే ఊళ్లలో కూడా మావాడి ముఖం తిరుగుతోందట. కరెంటు పోతే దొర. నీళ్లు ఆలస్యమైతే దొర. పెళ్లి సంబంధం తప్పిపోయిన ఒక అమ్మాయి కూడా దొర ముఖం పెట్టి “సరేలే, ఇంకొకడు” అని రాసిందట. ఇంత పెద్ద మీమ్ ఈ మధ్య రాలేదని ఈరన్న లెక్చరిచ్చాడు.

గర్వంగా లేదంటే అబద్ధమవుతుంది. కానీ వాడు సరిగ్గా తినడం లేదు. గిన్నె నేల మీద పెడితే దిగడు. రెండు ముద్దలు తిని మళ్లీ పైకెక్కి ఎగపోస్తాడు. పశువుల డాక్టరుకు ఫోన్‌లో చూపించాను. ఆమె చూసి, “అయ్యో, ఈయన దొర గారా!” అని ఇంట్లోవాళ్లందరినీ పిలిచింది. వయసు మీద పడుతోందేమో, టానిక్కు పట్టించమంది.

సాయంత్రం దస్తగిరి మామ వచ్చాడు. ఆయన వరుసకు ఆ చివర, పులుపు గది గోడకు ఆనుకుని ఉన్న ఇంట్లో ఒక్కడే ఉంటాడు. దర్జీ. నేల మీద చాప పరిచి, చేత్తో తిప్పే మిషను ముందేసుకుని కుడతాడు. రాత్రి ఆ చాప మీదే పడుకుంటాడు. దొరకు ఒక టోపీ కుట్టి తెచ్చాడు. చూస్తే కుట్టు వంకర పోయింది. ఆయన చేతిలో నేను వంకర కుట్టు ఎప్పుడూ చూడలేదు.

“కండ్లు మసకబారినాయి పాపా. తల ఒకటే నొప్పి. పొద్దున లేస్తానే దిమ్ముగా ఉంటాది” అన్నాడు. ఫోన్ నా చేతికిచ్చి, “పొద్దున్నే ఆ ఫోటో పంపేది మర్సిపోతాండా. రోజూ దొరదే గదా. దానంతట అదే పొయ్యేట్ల పెట్టు” అన్నాడు.

పెట్టిచ్చాను. అలా పెట్టుకున్నవాళ్లు వరుసలో ఇంకా చాలామంది ఉన్నారు.

శనివారం. పైన యాభై నాలుగు. హాజరు పూర్తి.

‘హాజరు పూర్తి’ అని రాస్తుంటే ఈ మధ్య చెయ్యి ఆగుతోంది. గోడ నిండా దొరే. ఎవరు లేచారో, ఎవరికి జ్వరమో, ఎవరు ఏడ్చారో నాకేం తెలుసు? పోయిన నెలదాకా ముఖం చూసి ఇంటి సంగతి చెప్పేదాన్ని. ఇప్పుడు ఒకే కుక్కను ఇన్నిసార్లు చూసి టిక్కు పెడుతున్నాను.

ఇంట్లో దీపం కూడా సరిగ్గా వెలగడం లేదు. గోడ మూలన నేల మీద చిన్న గూడు ఉంది. రోజూ అక్కడ దీపం పెడతాను. వత్తి అంటుకుంటోంది గానీ, మంట గోరంత కూడా లేవడం లేదు. నూనెలో కల్తీ అనుకుని కొట్టువాడిని నాలుగు తిట్టాను.

దొర ట్రంకుపెట్టె మీద పెట్టిన బియ్యం డబ్బా ఎక్కాడు. ‘డబ్బా మీద దొర’ అని ఆ ఫోటోకు అప్పుడే వేరే పేరు పెట్టేశారు.

మంగళవారం. పైన యాభై నాలుగు. హాజరు పూర్తి.

ఈరోజు మొదటి వరుస హాల్లో దొరకు సన్మానం. మాణిక్యం గారి ఆలోచనే. ఎర్ర తివాచీ, పూలదండ, వెనక పెద్ద బ్యానరు, అన్నీ పెట్టారు. పక్క ఊళ్లవాళ్లు నెట్‌లో చూస్తారని కెమెరాలు కూడా పెట్టారు. వాడి కోసం ఒక డబ్బాను కూడా సిద్ధం చేశారు.

దొర ఆ డబ్బా వంకే చూడలేదు. పైకి రాగానే ఒళ్లు విదిలించుకుని, హాలంతా రెండు చుట్లు పరిగెత్తాడు. తోక ఊపాడు. దండ కొరికాడు. తల నిటారుగా, కళ్లు ఇంతింత చేసుకుని అందరి చేతులూ నాకాడు. పెట్టిన గిన్నె నేల మీదే ఖాళీ చేశాడు. వాడినంత హుషారుగా చూసి చాలా రోజులైంది. నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి.

జనం మాత్రం ముఖాలు ముడుచుకున్నారు. “ఇదేందప్పా, మామూలు కుక్క మాదిరి ఉండాది” అన్నాడొకాయన. “డూప్లికేటు తెచ్చినట్లుండారు” అంది ఇంకొకామె. మాణిక్యం గారు నా చెవిలో, “ఆ ముఖం ఒక్కసారి పెట్టించమ్మా, పరువు పోయేలా ఉంది” అన్నారు. పెట్టించడానికి అదేమన్నా నేను నేర్పిన విద్యా?

తిరిగి వస్తుంటే ఆరో వరుస మెట్ల దగ్గర దొర కూలబడ్డాడు. ఎంత లాగినా కదల్లేదు. చివరికి చంకనెత్తుకుని దిగాను. ఇంట్లో దించగానే ఒక్క దూకులో డబ్బా ఎక్కి, మెడ సాచి, కళ్లు సగం మూశాడు. వెంట వచ్చిన ఈరన్న చప్పట్లు కొట్టాడు. “సూడక్కా, దొరోడికి ఇల్లు ఇల్లే! యాక్టింగంతా ఇంట్లోనే!”

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను గానీ, గిన్నె నేల మీద పెడితే వాడు దిగలేదు. పైన తిన్నవాడు కింద ఎందుకు తినడు? దిగనని మెట్ల మీద ఎందుకు కూర్చున్నాడు? ఈ సంగతి మద్దిలేటికి ఫోన్ చేసి చెప్పాను. “నీకు ప్రతిదానికీ దిగులే. రేపు మాట్లాడతాలే” అని పెట్టేశాడు.

శుక్రవారం. పైన యాభై మూడు.

హాజరు సంగతి చివర్న రాస్తాను.

సన్మానం చెడిందని, దానికి బదులు దొర ఫోటోలన్నీ వరుసగా పేర్చి ఒక పోస్టరు చేయమన్నారు మాణిక్యం గారు. పొద్దున హాజరుకు కూర్చునే ముందు ఇంట్లోనే ఆ పని మొదలుపెట్టాను. పీట మీద దొర. డ్రమ్ము మీద దొర. ట్రంకుపెట్టె మీద దొర. డబ్బా మీద దొర. ఇక నిన్న తీసిన దాంట్లో అటక మీద దొర. అన్నిటి వెనకా అదే గోడ. పక్కపక్కన పెట్టి చూస్తే వాడు పోజు ఇస్తున్నట్లు లేదు. వరద వచ్చిన ఇంట్లో మనిషి పైపైకి ఎక్కుతున్నట్లు ఉంది.

గూట్లో దీపం ఆరిపోయి ఉంది. వెలిగిద్దామని వంగాను. అగ్గిపుల్ల గీస్తే అంటుకున్నట్టే అంటుకుని చచ్చిపోయింది. ఇంకోటి గీశాను. అదీ అంతే. తల గిర్రున తిరిగింది. గోడ పట్టుకుని లేచి, నిలబడి ఇంకో పుల్ల గీశాను. బాగా వెలిగింది. వెలుగుతున్న పుల్లను మెల్లగా కిందికి దించాను. మోకాలి దగ్గరికి రాగానే ఎవరో ఊదినట్లు ఆరిపోయింది.

పాడుబడ్డ బావిలోకి దిగేముందు దీపం దించి చూస్తారని మా జేజి చెప్పేది. అడుగున విషగాలి నిలబడితే దీపం ఆరుతుందట. నేను పడుకునేది ఎత్తు మంచం మీద. పని చేసేది కుర్చీలో కూర్చుని. ఈ ఇంట్లో నేల మీద బతికింది దొర ఒక్కడే. వాడు ఇన్నాళ్లూ గాలి కోసం పైకి ఎక్కుతున్నాడు. వాడి బాధ చూసి ఊళ్లకు ఊళ్లే నవ్వుకున్నాయి. అందరికంటే ముందు నేనే నవ్వాను.

అటక మీంచి వాడిని దించి భుజాన వేసుకుని ఆఫీసుకు పరిగెత్తాను. సైరన్ తాళం మాణిక్యం గారి దగ్గరే ఉంటుంది. ఫోన్ చేస్తే, “గాలి మీటరు పచ్చగానే ఉందమ్మా” అన్నారు. మీటర్లన్నీ కప్పుకు కొట్టారు. పొగ వస్తే పట్టుకోవడానికి పెట్టినవి అవి. నేల మీది గాలి వాటికేం తెలుస్తుంది? అదే అరిచి చెప్పాను. “సరే, వచ్చి చూస్తా” అన్నారు. ఆయన మొదటి వరుస నుంచి దిగి రావాలి.

గోడ మీద హాజరు అప్పటికే నిండిపోయింది. అన్నీ దొర ముఖాలే. అందులో ఏ ఇంట్లోవాళ్లు లేచి పంపారో, ఏ ఇంట్లో ఫోన్ మాత్రమే లేచిందో చెప్పడానికి దారి లేదు. వరుసంతటికీ సందేశం పెట్టాను: “విషగాలి. నేల మీద ఉండొద్దు. బయటికి రండి. మీ సొంత ముఖాలు పంపండి.”

టకటకా జవాబులొచ్చాయి. దొర. దొర. దొర. “సరేలే, వస్తాం.” “సరేలే, టిఫిన్ అయినాక.” పోస్టరు కోసం నేను చేస్తున్న కొత్త తమాషా అనుకున్నారు.

అప్పుడు ఫోన్ తిప్పి నా ముఖం తీశాను. జుట్టు రేగి, ముక్కు కారుతూ, నోరు వంకర పోయి ఏడుస్తున్న ముఖం. కింద ఏమీ రాయకుండా పంపాను. ఇన్నాళ్ల తర్వాత గోడ మీద కనబడిన మొదటి మనిషి ముఖం అదే.

ఒక తలుపు తెరుచుకుంది. తర్వాత ఇంకోటి. పిల్లల్ని ఎత్తుకుని ఆడవాళ్లు మెట్లవైపు పరిగెత్తారు. ఈరన్న లుంగీతోనే వచ్చి, “ఏమైందక్కా?” అంటూనే పక్క తలుపులు బాదడం మొదలుపెట్టాడు. మెట్లెక్కినవాళ్లు ఒక్కొక్కరే ముఖాలు పంపారు. గోడ మీద దొర తగ్గుతూ మనుషులు పెరిగారు. భయపడిన ముఖాలు, నిద్ర ముఖాలు, తిట్టుకుంటున్న ముఖాలు. ప్రతిదాన్నీ వేలితో తాకి చూశాను.

చివరికి ఒక్క దొర మిగిలాడు. దస్తగిరి మామ ఇల్లు.

ఆయన మిషను చప్పుడు పొద్దుట్నుంచీ వినిపించలేదని అప్పుడు తెలిసొచ్చింది. వరుస ఆ చివరికి పల్లంగా ఉంటుంది. దొరను మెట్ల మీద వదిలి, దీపం చేత్తో ఎత్తి పట్టుకుని వెళ్లాం, ఈరన్నా నేనూ. తలుపు దగ్గర దించి చూస్తే దీపం నడుము ఎత్తులోనే ఆరిపోయింది. ఈరన్న తలుపు తన్నాడు. చాప మీద మిషను పక్కనే మామ ఒరిగి ఉన్నాడు. చేతిలో గుడ్డ అలాగే ఉంది. గోడకు తగిలించిన ఫోన్ తెర మీద దొర నాలుక బయటపెట్టి కూర్చున్నాడు.

“వంగేముందు ఊపిరి బిగబట్టు. మాట్లాడొద్దు” అన్నాను.

ఇద్దరం బిగబట్టి వంగాం. ఆయన చంకల కింద చేతులేసి లేపాం. బక్కమనిషే, కానీ ఆ బరువు నేను మర్చిపోలేను. మధ్యలో నాకు ఊపిరాడక ఒక్క గుక్క పీల్చాను. కళ్ల ముందు నల్లగా అయింది. పడిపోతానేమో అనుకుంటుంటే దొర మొరిగాడు. మెట్ల మీద, ఎక్కడ గాలి బాగుందో సరిగ్గా అక్కడ నిలబడి మొరుగుతూనే ఉన్నాడు. ఆ మొరుగు పట్టుకునే నడిచాం.

మెట్లు దిగి వస్తున్న మాణిక్యం గారు మమ్మల్ని చూసి పరిగెత్తుకొచ్చారు. మామ కాళ్లు పట్టుకుని పైకి మోశారు.

ఆస్పత్రిలో ఆక్సిజన్ పెట్టారు. సాయంత్రానికి కళ్లు తెరిచాడు. అప్పటిదాకా నేను పచ్చి మంచినీళ్లు ముట్టలేదు.

హాజరు పూర్తి.

సోమవారం. పైన యాభై ఒకటి. హాజరు పూర్తి.

పులుపు గది ట్యాంకుల గాలిని పైకి తీసుకుపోయే గొట్టం గోడ లోపల విరిగిందట. ఆ గాలి బరువైనది. పగుళ్లలోంచి కారి మా నేల మీద చేరింది. గొట్టం మార్చారు. మీటర్లు కూడా మోకాలి ఎత్తుకు దించారు. సైరన్ తాళం మాణిక్యం గారు తెచ్చి నా బల్ల మీద పెట్టారు. “ఈ లాగ్ మొత్తం చదివానమ్మా” అన్నారు. నేను తల దించుకున్నాను. “రాస్తూనే ఉండు” అని వెళ్లిపోయారు.

దస్తగిరి మామను చూడ్డానికి వెళ్లాను. “దొర యాడుండాడు పాపా?” అన్నదే మొదటి మాట. తర్వాత కప్పు చూస్తూ, “ఆ పొద్దు నా ముఖం పోయినాదా గోడకు?” అని అడిగాడు.

“పోయింది మామా. దొరది.”

ఆయన నా చెయ్యి పట్టుకున్నాడు. నేను ఏడ్చేశాను.

బయటి ఊళ్లకు జరిగిందంతా రాసి పెట్టాను. అది నవ్వు ముఖం కాదు, ఊపిరాడని ముఖం, దయచేసి వాడకండి అని. చదివినవాళ్లు బాధపడ్డారు. ఒకతను మాత్రం జవాబుగా దొర ముఖమే పంపాడు.

శనివారం. పైన నలభై తొమ్మిది.

మద్దిలేటి నిన్న దిగి వచ్చాడు. దొర ఇప్పుడు నేల మీదే తింటున్నాడు, నేల మీదే పడుకుంటున్నాడు. తల నిటారుగా ఉంటుంది. బజారులో ఎవరూ గుర్తుపట్టడం లేదు.

ఈ పొద్దున ఆఫీసులో హాజరు చూస్తూ, దొరను కనిపెట్టి ఉండటానికి ఇంట్లో కొత్తగా పెట్టిన కెమెరా తెరిచి చూశాను. దొర డబ్బా ఎక్కి, మెడ అటకకేసి సాచి ఉన్నాడు.

ఆలోచించలేదు. సైరన్ కొట్టేశాను.

వరుస మొత్తం బయటికొచ్చింది. ఈరన్న సగం గడ్డానికి సబ్బు నురగతో, ఆడవాళ్లు పిల్లలతో, దస్తగిరి మామ మెడలో టేపుతో. ఎందుకని ఒక్కరూ అడగలేదు. మెట్ల మీద నిలబడి, ఒకరి ముఖం ఒకరు చూసుకుని, ఎవరైనా తక్కువున్నారేమోనని చూశారు. ఒక్కరూ ఫోన్ ఎత్తి ఫోటో తీయలేదు.

దీపం పట్టుకుని ప్రతి ఇంట్లోకీ వెళ్లాం. నేల మీద పెడితే మంట నిలువుగా, నిశ్చలంగా వెలిగింది. చివరగా మా ఇంటికి వెళ్లాం. దొర అటక మీదికి చేరాడు. మద్దిలేటి పైనుంచి తెచ్చి అక్కడ దాచిన ఎండుచేపల పొట్లం చింపి, సగం తినేసి, మిగతా సగం మీద కాలు పెట్టుకుని మా వంక చూశాడు.

సిగ్గుతో నాకు తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. అందరికీ క్షమాపణ చెప్పబోయాను.

దస్తగిరి మామ అడ్డం వచ్చాడు. “ఏం గాలేదులే పాపా. వాడు మళ్లీ ఎక్కితే మళ్లీ ఇట్లనే కొట్టు. మేం మళ్లీ ఇట్లనే వస్తాం.”

సైరన్ కారణం: ఎండుచేపలు.

హాజరు పూర్తి. ప్రతి ముఖమూ చూశాను.